ఏ ఆటకు ఆ బిగింపు

కోరుట్ల బస్టాండు కాడ దిగి “లీలక్క దుకాణం ఏడ?” అని ఎవల్నడిగినా చెయ్యి సాపి సూపెడ్తరు. బోర్డు మీద మాత్రం దివాకర్ జిరాక్స్ అని ఉంటది. దివాకర్ అంటే లీల పెనిమిటి. మంచి మనిషి. ఆధార్ కార్డులు రెండు దిక్కుల జిరాక్స్ తీసుకుంట నిమ్మళంగ కూసుంటడు. గని జనం వచ్చేది గాయన కోసం గాదు. కంప్యూటర్ల ఆటలాడే పోరగాండ్లు తమ కంప్యూటర్ డబ్బాలు బండి ముందట పెట్టుకొని, పెండ్లిపిల్లను తెచ్చినట్టు పైలంగ తెస్తరు. “లీలక్కా, ఆట ఆగాగి నడుస్తుంది” అంటరు. గామె డబ్బా మీద చెయ్యి పెడ్తది, జెరసేపు గట్లనే ఉంటది, పది నిమిషాలు ఏందేందో నొక్కుతది. ఇగ ఆట నూనె రాసినట్టు పోతది.

లీలకు ముప్పై ఎనిమిదేండ్లు. సదువు పదో తరగతి కాడ ఆగింది. ఇప్పటిదాక ఒక్కటంటే ఒక్క ఆట ఆడలె. “ఆడకుంట నీకెట్ల తెలుస్తది?” అని ఎవలన్న అడిగితే, “పెండ్లి వంట చేసేటోడు పెండ్లికొడుకే కావాల్నా?” అంటది. ఇగ అడిగినోడు మల్ల అడుగడు.

గీ పని ఏడ నేర్సిందంటే, సిరిసిల్లల. తండ్రి కొమురయ్య సాంచెలు బాగుచేసే మేస్త్రి. సాంచెలంటే మర మగ్గాలే, సిరిసిల్లల అట్లనే అంటరు. చిన్నప్పుడు లీల పగటీలి తండ్రికి సద్దిగిన్నె పట్టుకొని కార్ఖానకు పోయేది. ఆడ ఇరువై సాంచెలు ఒక్కపారే కొడ్తుంటే మనిషి మాట మనిషికి ఇనవడది. గంత సప్పుడుల గూడ కొమురయ్య తలకాయ జెర వంచి, “అగో, ఆ మూల ఏడోది ఏడుస్తుంది” అనెటోడు. పొయ్యి జూస్తే నిజంగనే ఒక బోల్టు సడలి ఉండేది. బిడ్డ చెయ్యి పట్టుకొని సాంచె చెక్క మీద పెట్టి, “వణుకుడు ఏడ షురువైందో సూడు. ఆడనే ఉంటది దాని నొప్పి” అని చెప్పెటోడు.

ఇంకొక అలవాటు ఉండె ఆయనకు. ఏ సాంచె బిగించినా, బిగించినంక దాని పక్క చెక్క మీద సుద్దతోటి రాసెటోడు. తువ్వాల, ధోతి, లంగ గుడ్డ, అది ఏ గుడ్డకు బిగించిందో గదన్నట్టు. గా రాత ఉన్నదంటే ఇంకో మేస్త్రి దాన్ని ముట్టద్దు. తుడిసినోడే మల్ల బిగించాలె. సిరిసిల్లల గది మాట.

తరువాత తరువాత సర్కారు బతుకమ్మ చీరల ఆర్డర్లు వచ్చినయ్. కార్ఖానకు కార్ఖాన ఒక్కతీరు చీరె. అప్పుడు సుద్ద పనే లేకపాయె. ఒక్క సాంచె మంచిగ బిగించుడు, దాన్ని జూసి కడమయన్ని బిగించుడు. పండుగకు తల్లిగారింటికి పోయినప్పుడల్లా లీల గదే సూసింది. గదే తలకాయల కూసున్నది. ఎందుకు చెప్తున్ననంటే, ఎనుక గదే కొంప ముంచినంత పని చేసింది.

లగ్గమై కోరుట్లకు వచ్చినంక ఒకపారి ఏమైందంటే, దుకాణంల కంప్యూటర్ బొమ్మ ఆగుడు షురువైంది. బాగుజేసెటాయన అచ్చి, “గ్రాఫిక్స్ కార్డు పోయిందమ్మా, కొత్తది కొనాలె” అన్నడు. గ్రాఫిక్స్ కార్డంటే డబ్బా లోపట ఉండే ఒక పలక. తెర మీద బొమ్మలన్ని గీసేది గదే. దానికి సొంత పంక గూడ ఉంటది. లీల గాయన పోయినంక డబ్బా ఇప్పి జూసింది. పంకల ఇంత దుమ్ము! సిరిసిల్ల బిడ్డకు యంత్రంల దుమ్ము, దూది కనవడితే చేతులు ఆగుతయా? రంగులేసే బ్రష్ తెచ్చి అరగంట తుడిసింది. పంక గిర్రున తిరిగింది, పోయిన కార్డు లేసి కూసున్నది. దివాకర్ నోరు తెరిసి జూసి, “ఇగ నువ్వే సూసుకో తల్లీ” అని జిరాక్స్ మిషిన్ కాడికి పోయిండు. ఇయ్యాల్టికి గూడ ఆడనే ఉన్నడు.

ఆనించి ఒక్కొక్కటి తనే నేర్సుకున్నది. కార్డు సెకండుకు ఇన్ని బొమ్మలు గీస్తదని, సాంచె నిమిషానికి ఇన్ని పోగులు కొట్టినట్టే గదని ఆమెకు తొందరగనే సమజైంది. సాంచెను ఒర్సుకోలేనంత ఉరికిస్తే పోగు తెగుతది. కార్డును ఉరికిస్తే బొమ్మ నడుమ చినిగినట్టు కనవడ్తది. అందుకే ఇన్ని బొమ్మలకు మించి గీయకని తాళమేస్తది. తెరతోటి కల్సి నడువు, ముందుకు ఉరకకు అని ఇంకోటి చెప్తది. నీడలు తీసేస్తది, గడ్డి పలుచన చేస్తది. “అక్కా, గడ్డి పోతే అందం పోతది” అని అక్షయ్ అనే కోరుట్ల పిలగాడు మొత్తుకుంటే, “గడ్డిని పసులు జూస్తయ్ రా. నువ్వేమన్న మేస్తవా?” అన్నది. దుకాణమంత నవ్వింది. అక్షయ్ ఇప్పటికీ గా మాట యాదిజేసుకొని నవ్వుతడు, పాపం.

ఇగ జగిత్యాల ముచ్చటకు వద్దాం.

లీల జాకెట్లు కుట్టేది జగిత్యాలల అతియ. కోరుట్లల కుట్టెటోళ్లు లేకనా? సంకల కాడ బిర్రు కాకుంట కుట్టేది అతియ ఒక్కతేనని లీల పట్టుదల. గా అతియకు ఆదిల్ అని తమ్ముడు ఉన్నడు. ఇరువై ఆరేండ్ల పిలగాడు, చేసిన పని ఒక్కటి కొసెల్లదియ్యలె. అక్క ఇంటి ముందట రూము తీసుకొని ఆటల సెంటర్ పెడ్తనన్నడు. ఏడనో ఆఫీసు మూస్తే ఒక్కతీరు కంప్యూటర్లు ఆరు తెచ్చి పెట్టిండు. పెట్టినకాడి నుంచి అవి దగ్గుడు, ఆగుడు. అతియకు ఇగ ఓపిక ఐపోయింది. ఆమె కాడ కుట్టు నేర్సుకునే పిల్లలు ఇంట్ల తొవ్వల కూసుంటుండ్రి. గా రూముల కుట్టుమిషిన్లు ఏస్తనని ఆమె ఎప్పటినుంచో అంటున్నది.

ఒక ఐతారానికి ఆదిల్ పోటీ పెట్టిండు. జగిత్యాల, కోరుట్ల, సిరిసిల్ల, మూడూర్ల జట్లు. క్రికెట్ ఆట, కార్ల ఆట, తుపాకుల ఆట, మూడు. దానికి ముందటి బేస్తారం నాడు లీల జాకెట్ కొలతలకు పోతే, అతియ మెడల టేపు ఏసుకొని గరం గరం ఉన్నది.

“ఐతారం దాక సూస్త లీలా. ఊరోళ్ల ముందట గీ డబ్బాలు ఆగినయనుకో, సోమవారం పొద్దుగాల రూము నాది. ఈని డబ్బాలు సందుల ఉంటయ్.”

“అక్కా, జెర సబర్ జెయ్యే,” అన్నడు ఆదిల్.

“నీ సబర్ జూసి జూసి నాకు ఎంటికలు తెల్లవడ్డయ్ రా!”

లీల లేసి పొయ్యి ఒక డబ్బా మీద చెయ్యి పెట్టింది. పాతదే, గని పానం ఉన్నది. “అతియక్కా, ఐతారం ఆరు నడుస్తయ్. నాది జిమ్మ,” అన్నది.

అతియ ఆమె మొకం దిక్కు సూసింది. “నువ్వు జిమ్మ అంటే సరే. ఈడంటే నమ్ముతుంటినా? గని ఇను లీలా. ఆగినయంటే నీ మాట గూడ ఆగినట్టే. తరువాత నువ్వొచ్చి ఈడి తరఫున మాట్లాడద్దు.”

“మాట్లాడ.”

శనివారం పొద్దుగాల బస్సుకు పోయింది. ముందుగాల బ్రష్ తోటి ఆరింటి పంకలు తుడిసింది. మూడు ఆటల్ల బరువైంది కార్ల ఆట. గది నడిస్తే కడమయి ఎందుకు నడువయని దాన్నే పట్టుకున్నది. కార్డు సెట్టింగులల్ల అన్ని ఆటలకు కలిపి ఒక పేజీ ఉంటది. గా పేజీల సెకండుకు ముప్పై బొమ్మలని తాళమేసింది, తెరతోటి కల్సి నడువుమన్నది, నీడలు గుంజేసింది. కారు మెత్తగ పోయింది. ఇగ ఏమున్నది, ఆరు ఒక్కతీరువే గద! దాన్ని జూసి కడమ ఐదు గూడ గట్లనే బిగించి పారేసింది. కడమ రెండు ఆటలు తెరిసి జూసింది, తెర్సుకున్నయ్, మూసింది. “ఐపోయింది పో” అని ఆదిల్‌కు చెప్పి, రెండు గంటల బస్సుకు ఇంటికచ్చింది.

ఐతారం పది గంటలకు రూము నిండిపోయింది. సిరిసిల్ల పోరగాండ్లు తుఫాన్ బండిల అచ్చిండ్రు. అండ్లకెల్లి చివరికి దిగింది ఎవలంటే, కొమురయ్య! తెల్ల అంగి, మెడల తువ్వాల.

“బాపూ, నువ్వెందుకొచ్చినవే?”

“మన పక్కింటి విజయ్ చెప్పిండు బిడ్డా, నువ్వు బిగించిన కాడ పోటీ అని. బండిల జాగున్నదంటే ఎక్కిన. నీ పని ఎన్నడు సూడకపోతి.”

లీలకు గుండె ఉప్పొంగింది. తండ్రికి కుర్సీ ఏసి, ఆదిల్‌ను “షురూ చెయ్యి” అన్నది.

ముందుగాల కార్ల ఆట. ఏం చెప్పాలె, ఆరు తెరలు అద్దాల లెక్క నడిసినయ్. ఆదిల్ కాలర్ ఎగేసిండు. అతియ దర్వాజ కాడ నిలవడి సూసింది.

తరువాత క్రికెట్. అగో, ఆడ పుట్టింది పంచాది. సిరిసిల్ల విజయ్ బౌలింగ్ ఏసిండు. బాలు చేతిల నుంచి ఎల్లి, తిరుపతి మెట్లెక్కే ముసలవ్వ లెక్క మెల్లెగ, మెల్లెగ వస్తున్నది. అక్షయ్ జూసి జూసి కొట్టిండు, సిక్స్. మల్ల సిక్స్. ఆరు బాళ్లకు ఆరు.

“గిదేం బాల్ లీలక్కా!” అని విజయ్ ఒర్లిండు. “నడుమల చాయ్ తాగి రావొచ్చు!”

“నీ బౌలింగే గంత రా,” అన్నడు అక్షయ్.

లీల పొయ్యి జూసింది. పాత ఆట అది. సెకండుకు అరువై బొమ్మలుంటయనుకొని లెక్కలేసుకున్న ఆట. ముప్పైకి తాళమేస్తే దాని కాలమే సగమైంది. అరే అనుకొని, ఆరింటికి తాళం, తెరతోటి కల్సుడు రెండూ తీసేసింది. మల్ల షురూ చేస్తే, బాలు తుపాకి గుండు లెక్క పోయింది. బ్యాటు లేపెటాల్లకు వికెట్ పడ్డది. ఐదు బాళ్లకు ఐదుగురు ఔట్. పోరగాండ్లు కింద మీద వడి నవ్వుడు. జగిత్యాల పిలగాడొకడు కార్ల ఆట తెరిసిండు. తాళం లేదుగద, గదీ దగ్గుడు షురూ చేసింది. లీల మల్ల రెండూ పెట్టింది. కార్లు నడిసినయ్, గని పక్క తెర మీద తుపాకుల ఆట తెరిసినోడు, “అక్కా, నేను మౌస్ తిప్పినంక జెరసేపటికి తుపాకి తిరుగుతుంది, నన్ను సంపినంక!” అన్నడు. తెర కోసం ఆగుమన్నది గద, గందుకే చెయ్యికి కంటికి ఎడం పడ్డది.

ఒకటి బాగైతే ఒకటి పాడు. లీల మొకం మీద చెమట. ఎన్క మల్లి జూస్తే, అతియ మెడల టేపు తీసి గోడ కొలుస్తున్నది. గీ మూల నుంచి గా మూల దాక, మూడు మిషిన్లు వడ్తయా అని. తిట్టినా జెర నయముండు.

కొమురయ్య కుర్సీల నుంచి లేసిండు. ఒక డబ్బా మీద అరచెయ్యి పెట్టిండు. ఇంకోదాని మీద పెట్టిండు.

“మంచిగనే ఉన్నయ్ బిడ్డా. నొప్పి లేదు. ఎన్ని రకాలు నేస్తున్నరు వీటి మీద?”

“ఆటలా? మూడు బాపు.”

“ఎన్ని తీర్ల బిగించినవ్?”

లీలకు గప్పుడు సమజైంది. ఒక్కతీరు. చీరల ఆర్డర్ బిగించినట్టు ఒక్కతీరు బిగించింది. తువ్వాల నేసే బిగింపు మీద ధోతి ఎక్కించి, గుడ్డ ఎందుకు గిట్లస్తుందని సాంచెను తిట్టినట్టయింది. సాంచెలు ఆరు ఒక్కటే అని సూసింది గని, ఎక్కేది ఏందని సూడలె.

“ఆదిల్!” అన్నది. “అన్నం టైం అని చెప్పు.”

“ఇంకా పన్నెండే కాలే గదక్కా...”

“బగార అన్నం ఐందా లేదా?”

“ఐంది.”

“ఐతే తినమను. గంట సేపు ఎవలు లోపటికి రావద్దు.” అతియ దిక్కు తిరిగి, “అక్కా, నా జిమ్మ సాయంత్రం దాక. గోడ ఏడికి పోదు,” అన్నది. అతియ టేపు చేతిల సుట్టుకొని పోరగాండ్లకు అన్నం పెట్టపోయింది.

కార్డు సెట్టింగులల్ల రెండో పేజీ ఉంటది. ఆటను పేరు పెట్టి పిలిసి, నీకు గిట్ల అని దేనికది చెప్పేటిది. గది లీలకు తెల్వక కాదు, కోరుట్లల రోజూ చేసేదే. ఆరు ఒక్కతీరు డబ్బాలు జూసి మర్సింది. కార్లకు ముప్పై తాళం, తెరతోటి కల్సుడు, నీడలు లెవ్వు. క్రికెట్‌కు అరువై తాళం, ఒకటి ఎక్కువద్దు ఒకటి తక్కువద్దు. తుపాకులకు తాళమే లేదు, తెర కోసం ఆగుడు లేదు, నీడలు గడ్డి అన్ని బంద్, చెయ్యి కదిలితే కదలాలె. 

క్రికెట్ తెరిసి జూసింది. బాలు ఇంకా మెల్లెగనే వస్తున్నది. గిదేందనుకున్నది. మల్ల జూసింది, మల్ల జూసింది. ఆట తెరిసెటప్పుడు ముందుగాల చిన్న కిటికీ ఒకటొస్తది, ‘ఆడు’ అనే బొత్తాం ఉండేటిది. తను సెట్టింగు పెట్టింది గా కిటికీకి. అసలు ఆట పేరు వేరే ఉన్నది. “దర్వాజకు చెప్తే ఇంట్ల మనిషి ఇంటడా!” అని తనకు తనే నవ్వుకొని, అసలుదాన్ని ఏరి పట్టుకున్నది. బాలు బాలు లెక్క అచ్చింది. ఇగ చేతులు ఆగలె. ఒకటెన్క ఒకటి, ఆరు. గీపారి పద్దెనిమిది పార్లు తెరిసి జూసింది, మూడు ఆటలు, ఆరు డబ్బాల మీద. తుపాకుల ఆట తనే పట్టుకొని గోడకు నాలుగు గుండ్లు గూడ కాల్సింది. జన్మల మొదటిపారి.

కొమురయ్య అన్నం తినలె, ఆడనే కూసున్నడు. అతియ బగార అన్నం పల్లెం తెచ్చి ఆయన చేతికిచ్చింది.

“బిడ్డా, నీ కాడ సుద్ద ఉన్నదా?” అని అడిగిండు ఆమెను.

“గుడ్డల మీద గీసేది ఉన్నది. ఎందుకు పెద్దనాయినా?”

“మేస్త్రి బిగించినంక రాయాలె.”

అతియకు సమజు కాలె. ఐనా లోపటికి పొయ్యి, తెల్లది పలుచటి బిళ్ల తెచ్చింది. కొమురయ్య దాన్ని తను రాయలె. లీల చేతిల పెట్టిండు. లీల నల్ల డబ్బా పక్కకు కూసొని రాసింది. కార్లు ముప్పై. క్రికెట్ అరువై. తుపాకులు తాళం లేదు. ఆరింటి మీద రాసెటాల్లకు బిళ్ల సగమైంది.

“గిది తుడిసినోడు మల్ల బిగించాలె,” అన్నడు కొమురయ్య, ఆదిల్ దిక్కు సూసి.

“నేనెందుకు తుడుస్త తాతా! ఊదిగూడ ఊద!”

మల్ల షురువైంది ఆట. విజయ్ బౌలింగ్‌ల అక్షయ్ మూడో బాల్‌కే ఔటైండు. సిరిసిల్లోళ్లు ఎగిరి దుంకిండ్రు. “ఇప్పుడు తాగు చాయ్!” అన్నడు విజయ్. క్రికెట్ ఐంది, తుపాకులు షురువైనయ్. ఒక్క తెర ఆగలె. ఒక్కడు అక్కా అని పిలువలె. అందరు ముందుకు ఒరిగి, గుంపులు గుంపులు ఒర్లుకుంట ఆడుతుండ్రు. లీల మాత్రం తెరలు జూస్తలేదు. ఎన్కకు నిలవడి, కండ్లు మూసుకొని, తలకాయ జెర వంచి ఇంటున్నది. ఆరు పంకలు, ఒక్క సప్పుడు.

“ఎవలు గెలుస్తుండ్రు లీలా?” అని కొమురయ్య అడిగిండు.

“నాకేమెర్క బాపు. ఆరు నడుస్తున్నయ్.”

గప్పుడే ఎన్క నుంచి టేపు గుంజిన సప్పుడు. అతియ మల్ల గోడ కొలుస్తున్నది! లీల గిరుక్కున ఎన్కకు మల్లింది.

“అతియక్కా, ఇంక ఏంది?”

“కుట్టుమిషిన్లకు ఇంటెన్క రేకుల షెడ్డు ఏపిస్త తియ్,” అన్నది అతియ, టేపు మీద ఏలు పెట్టుకొని. “గీ గోడకు ఇంకో రెండు డబ్బాలు వడ్తయా లీలా? ఐదడుగులున్నది.”

లీల పొయ్యి టేపు రెండో కొస పట్టుకున్నది. “పడ్తయ్. గని గోడకు ఆనిచ్చి పెట్టకు. పంకకు గాలాడాలె, జానెడు ఇడువు.”